సంధి కబురు

బాలమణి గారంటే మా బోస్టన్ తెలుగువాళ్ళకి కాస్త జంకు. ఏదున్నా మొహం మీదే అనేస్తుంది. ఉన్నమాటంటే మాకు ఉలుకెక్కువ. భర్త దామోదర్ గారు పోయాక ఆవిడ ఓ రేవు ఊళ్ళో చిన్న మ్యూజియంలో టైపిస్టుగా చేరింది. పాత కాగితాలు చదివి, ఒక్కోదాని సారం ఒక్కో కార్డు మీద టైపు చెయ్యడం పని.

1979లో ప్రతి గురువారం వాల్టర్ ట్రాస్క్ అనే ముసలాయన ఆవిడ దగ్గరికి వచ్చేవాడు. ఒంటిగాడు. తన పూర్వీకుడు జోయెల్ గురించి వెతికించుకునేవాడు. అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో ఇంగ్లీషు నౌకాదళం చేపల వేట సాగనివ్వక ఆ ఊరి జాలర్లు పస్తులున్నారు. అప్పుడు ప్రభుత్వమే, శత్రువుల సరుకు ఓడల్ని పట్టుకోండని లైసెన్సులిచ్చింది. చేతిలో ఆ కాగితం ఉంటే వీరుడు, లేకపోతే గజదొంగ. జోయెల్‌కి కాగితం ఉంది. చిన్నప్పుడు బడిలో దొంగ ట్రాస్క్ అని ఏడిపించారట, అందుకే ముసలాయనకి ఆ కాగితమంటే ప్రాణం.

దాన్నోసారి చూసుకున్నాక మిగతాదంతా కబుర్లే. వారం మొత్తంలో ఆవిడతో నోరారా మాట్లాడే మనిషి ఆయనొక్కడే. ఆ సంగతి నాకు తెలుసు. తెలిసి మాత్రం ఏం చేశాను?

అక్టోబర్లో ఆవిడకి ఒక పాత కోర్టు తీర్పు దొరికింది. జోయెల్ ఆఖరిసారి పిండి బస్తాల ఓడని పట్టుకునేసరికి యుద్ధం ఆపాలని సంధిలో పెట్టిన గడువు దాటి ఆరు వారాలైంది. సముద్రం మీదున్నవాళ్ళకి కబురందలేదు. సరుకు తిరిగిచ్చెయ్యమంది కోర్టు. అప్పటికే ఊరు సగం పిండి తినేసింది.

ఆ తీర్పుని పెట్టె అడుగున తోసేస్తే అడిగే నాథుడు లేడు. రెండు రోజులు ఆ పనే చేద్దామనుకున్నానని నాతో ఒప్పుకుంది. గురువారం మాత్రం తీసి ఆయన ముందు పెట్టింది.

"అయితే మావాడు దొంగేనా?" అన్నాడాయన.

"యుద్ధం అయిపోయిందని ఆయనకి ఎవరూ చెప్పలేదు మిస్టర్ ట్రాస్క్. ఇంట్లో పిల్లలు పస్తున్న సంగతే ఆయనకి తెలుసు."

ముసలాయన టోపీ పెట్టుకుని వెళ్ళిపోయాడు. మరుసటి వారం రాలేదు. ఆ పై వారమూ రాలేదు.

ఆ శనివారం పొద్దున ఆవిడ నాకు ఫోన్ చేసి ఇదంతా చెప్పింది. చెప్పి, "ఇవాళ మీ ఇంటికి రానా వసుమతీ? ఊరికే కాసేపు కూర్చుని పోతాను," అంది. ఏడేళ్ళ పరిచయంలో నన్ను ఏదైనా అడగడం అదే మొదలు. ఆ రోజు మా ఇంట్లో పాట్‌లక్, తలా ఒక వంట తెచ్చుకుని కలిసి తినే విందు. అందరి ముందూ ఎవర్నేమంటుందోనని నా భయం నాది. వచ్చే వారం చూద్దాం అక్కయ్యా అన్నాను.

సరేలేమ్మా అంది. మళ్ళీ ఎప్పుడూ అడగలేదు.