ఆదివారం మూడింటి గది

సభాధ్యక్షులు ఆసనం అలంకరించే ముందు గొంతు సవరించుకుంటారు. సేనానులు యుద్ధానికి బయలుదేరే ముందు మీసం సవరించుకునేవారట. అద్దాలాయన మాత్రం ఫోను తుడుచుకునేవాడు. ప్రతి ఆదివారం మధ్యాహ్నం రెండూ ఇరవైకి, భోజనం చేసిన చెయ్యి సబ్బుతో రెండుసార్లు కడుక్కుని, దుకాణం నుంచి తెచ్చుకున్న మెత్తటి పసుపుపచ్చ గుడ్డతో, ఎడమ నుంచి కుడికి, పదకొండుసార్లు. కుడి నుంచి ఎడమకి తుడిస్తే జిడ్డు పోదు, చోటు మారుతుందంతే అని ఆయన సిద్ధాంతం. ఈ సిద్ధాంతాన్ని ఇంతవరకు ఖండించినవాళ్ళు లేరు. విన్నవాళ్ళూ లేరనుకోండి. నలభై వారాలపాటు నిరాటంకంగా సాగిన ఈ ప్రక్షాళన ఘట్టాన్ని ఏ చరిత్రకారుడూ పట్టించుకోలేదు గనక, ఆ లోటును ఇక్కడ పూడ్చడమైనది.

ఆయన కళ్ళజోళ్ళ దుకాణంలో లెన్సులు అరగదీసే మనిషి. దుకాణం ముందు భాగమంతా దీపాలు, నిలువుటద్దాలు, చిరునవ్వులు. వెనక ఒక తెర. తెర వెనక ఒక సాన యంత్రం, దాని మీదికి సన్నగా కారే నీళ్ళ గొట్టం, ఒక స్టూలు, ఆ స్టూలు మీద ఇరవై రెండేళ్ళుగా ఈయన. లెన్సు అర మిల్లీమీటరు ఎక్కువ అరిగితే ఫ్రేములోంచి జారిపోతుంది, తక్కువ అరిగితే ఫ్రేమే విరిగిపోతుంది. ఆ అర మిల్లీమీటరు ఆయన వేళ్ళలో ఉండేది. కొత్త కళ్ళజోడు పెట్టుకున్నవాళ్ళు లోకమంతా తేటగా కనిపిస్తోందని మురిసిపోయి, ముందు గదిలో టై కట్టుకుని నిలబడ్డ కుర్రాడికి కృతజ్ఞతలు చెప్పుకుని వెళ్ళేవారు.

అదైనా సగం పనే. మిగతా సగం పాతవి బాగుచెయ్యడం. ముక్కు మీద ఆనే రెండు చిన్న రబ్బరు బిళ్ళలుంటాయి చూడండి, వాటి కింద ఏళ్ళ తరబడి చెమటా పౌడరూ చర్మమూ కలిసి ఆకుపచ్చని పదార్థం ఒకటి తయారవుతుంది. దాన్ని ఆయన గుండుసూదితో గీకి తియ్యాలి. నలుగురూ లేచి నిలబడి నమస్కారం పెట్టే పెద్దమనుషులు కూడా ఆయనకి ఆ పదార్థం ద్వారానే పరిచయం. అందువల్ల మనుషుల మీద ఆయనకి సదభిప్రాయం ఏర్పడే అవకాశం మొదటినుంచీ తక్కువ.

ఆయన ఒకరోజు సెలవు పెడితే యజమాని ఆ లెన్సుల్ని పక్కవీధి దుకాణానికి పంపేవాడు. ఏ ఇబ్బందీ వచ్చేది కాదు. ఇంట్లో సంగతి చెప్పనక్కర్లేదు. ఆయన వారం రోజులు జ్వరంతో పడుకున్నప్పుడు ఇల్లు ఇంకా సాఫీగా నడిచిందని భార్యే నిండు మనసుతో చెప్పింది. ఈ భూమండలం మీద తాను లేకపోతే ఆగిపోయేదంటూ ఒకటి ఉండాలన్న కోరిక ఆయనకి అప్పటినుంచే పుట్టినట్టుంది.

ఆ కోరిక తీరే దారి చూపించింది బావమరిది. టైర్ల దుకాణం వాడు, వీళ్ళ పై వాటాలోనే అద్దెకుంటాడు. ఒకనాడు బావగారి ఫోను లాక్కుని అందులో ఒక తుపాకుల ఆట ఎక్కించి, "కాస్త కాలక్షేపం బావా, ఎప్పుడూ ఆ మొహం ఏంటి?" అన్నాడు. ఊరూ పేరూ తెలియని వందమంది ఒక దీవిలో దిగి, ఒకళ్ళనొకళ్ళు కాల్చుకుని, చివరికి మిగిలినవాళ్ళు గెలిచే ఆట. మూడోనాడు ఎవడో ఈయన్ని వెనకనుంచి కాల్చాడు. కాల్చి ఊరుకోలేదు. ఆయన శవం చుట్టూ తిరిగి, శవం మీదికెక్కి, నడుం తిప్పుతూ గంతులేశాడు. మైకులో చిప్స్ పొట్లం గలగల, వెనకాల ఎవరో ముక్కు చీదిన చప్పుడు. చావుకి అద్దాలాయన అభ్యంతరం చెప్పలేదు. ఆ గంతులే ఆయన సహించలేకపోయాడు. గుండుసూది అందుబాటులో ఉంటే ఫోనులోంచి వాణ్ణి గీకి తీసేసేవాడు.

మరుసటి వారమే ఆయన ప్రైవేటు గది కనిపెట్టాడు. అదే ఆటలో మనం సొంతంగా ఒక గది తెరవొచ్చు. ఎవరు రావాలో, ఏ తుపాకులు వాడాలో, ఏ మైదానంలో ఆడాలో తెరిచినవాడి ఇష్టం. రహస్య సంకేతం తెలియనిదే ఎవరూ అడుగుపెట్టలేరు. అన్నిటికీ మించి, ఆట మొదలుపెట్టే పసుపురంగు బటను గది అధిపతికి తప్ప ఇంకెవరికీ కనిపించదు. ఆ బటను చూసినప్పుడు ఆయన కళ్ళజోడు తీసి, తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుని చూశాడు.

గదిలో పదహారు స్థానాలు. బావమరిది, వాడి స్నేహితులు, పక్కవీధి లెక్కల మాస్టారు, ఆస్పత్రిలో పనిచేసే నర్సు, ఇంకా వాళ్ళకి తెలిసినవాళ్ళు చేరారు. ఒకటో స్థానం అధిపతిది. రెండో స్థానం ఆయనే పట్టుబట్టి బావమరిదికిచ్చాడు. గౌరవం కొద్దీ కాదు, పక్కనే ఉంటే అదుపులో ఉంటాడని.

తరవాత నిబంధనలు రాశాడు. ముప్ఫై ఒకటి. ఒక్కో నిబంధన వెనకా ఒక్కో రోత ఉంది. నాలుగోది: మైకు తెరిచి నమలరాదు, చప్పరించరాదు, గుటకలు వెయ్యరాదు. తొమ్మిదోది: మరుగుదొడ్డి నుంచి ఆడరాదు. ఇది ఎవరివల్ల వచ్చిందో అందరికీ తెలుసు, నీళ్ళు వదిలిన చప్పుడు పదహారుమందీ విన్నారు. పదకొండోది: శవాల సమీపంలో నృత్యం నిషేధం. పదిహేడోది: ఆట మధ్యలో వెళ్ళిపోయినవారిని పలాయితులుగా గుర్తించబడును. "గుర్తించబడును" అనే చోట వ్యాకరణం కుంటుతోందని లెక్కల మాస్టారు చెప్పి చూశాడు. అధిపతి చెవిన పెట్టలేదు.

ఆట మూడు గంటలకి. గది రెండున్నరకి తెరిచేవాడు. ముందు హాజరు, తరవాత నిబంధనల పఠనం, ఆ తరవాత గతవారపు అపరాధాల సమీక్ష. మూడింటి ఆట మూడూ ఇరవైకి మొదలైన వారం ఒకే ఒకటుంది, అదీ ఆయన గొంతు పోయినందువల్ల. మామూలుగా మూడున్నర దాటేది. నాలుగింటికి డ్యూటీ ఉన్న నర్సు మూడూ నలభైకి ఫోను పెట్టేసి పరిగెత్తేది. ఆ గదిలో అందరికన్నా గురి గల మనిషి ఆవిడే. పలాయితుల జాబితాలో ముప్ఫై ఎనిమిదిసార్లు ఎక్కింది కూడా ఆవిడే.

నలభై ఒకటో ఆదివారం వచ్చింది.

అంతకు ముందురోజు దుకాణంలో ఎవరో పెద్దాయన కళ్ళజోడు శుభ్రం చెయ్యడానికిచ్చాడు. బిళ్ళల కింద పదార్థం గట్టిపడి పెళుసుబారిపోయింది. గీకుతుంటే ఒక తునక ఎగిరి అద్దాలాయన పెదవి మీద పడింది. ఆ రాత్రి ఆయన అన్నం ముట్టలేదు. ఆదివారం ఫోను తుడిచేటప్పుడు కూడా పెదవి తుడుచుకుంటూనే ఉన్నాడు. అంటే అధిపతి ఆ రోజు కొంచెం కరుగ్గా ఉన్నాడని అర్థం.

"రెండో నంబరు," అని పిలిచాడు రెండున్నరకి.

"ఉన్నా బావా. నీ నెత్తిమీదే ఉన్నా. పైనుంచి నా గొంతు ఎలాగూ వినిపిస్తుందిగా, మళ్ళీ ఫోన్లో అడగడం దేనికి?"

"హాజరు పలకాలి."

"హాజరు, హాజరు, హాజరు. మూడు వారాలకి సరిపోతుందా?"

ఎవరో కిసుక్కుమన్నారు. అధిపతి పట్టించుకోకుండా పదహారూ పిలిచి, నిబంధనలు మొదలుపెట్టాడు. పన్నెండోదాకా వచ్చేసరికి కటుక్కుమని చప్పుడైంది.

"ఎవరది?"

జవాబుగా మళ్ళీ కటుక్కుమంది. ఎవరో ఐసుముక్కలు దవడ పళ్ళ మధ్య పెట్టుకుని పిండి చేస్తున్నారు. కరిగిన నీళ్ళు జుర్రిన చప్పుడు కూడా శుభ్రంగా వినిపించింది.

"ఎవరో చెప్పండి. నేనేమీ అనను."

"అనకుండా ఉండటం మీకు చాతకాదు గానీ, కానివ్వండి, పదమూడోది చదవండి," అన్నాడు లెక్కల మాస్టారు.

"పఠనానికి అంతరాయం కలిగితే మొదటినుంచీ చదవాలి మాస్టారూ. ముప్ఫయ్యో నిబంధన."

పదిహేను గొంతులు ఒక్కసారి నిట్టూర్చాయి.

"అన్నయ్యా, నాలుగింటికి డ్యూటీ," అంది నర్సు. "ఏడాది కావస్తోంది, ఈ గదిలో నేనొక్కసారి కూడా కడదాకా ఆడలేదు. ఇవాళైనా నన్ను చచ్చేదాకా బతకనివ్వండి."

"మీరు ముందే రాయించుకుంటే పలాయనానికి మినహాయింపు..."

"నాకు మినహాయింపు వద్దన్నయ్యా, ఆట కావాలి."

"ఒరే బావా," బావమరిది అందుకున్నాడు, నోట్లో ముక్క అటునుంచి ఇటు మారుస్తూ. "నీకు దణ్ణం పెడతా. మాకు నీ నిబంధనలు కంఠతా వచ్చేశాయి. నిన్న టైరు పంచరు వేస్తూ పదిహేడోది పాడుకున్నానంటే నమ్ము. ఆ బటను నొక్కు."

"ఒరే ఏమిటి? గదిలో నేను బావని కాదు."

"మరి ఎవరివి?"

"అధిపతిని."

"సరే అధిపతి బావా, నొక్కు."

ఇక్కడిదాకా ఆయన ఓర్చుకున్నాడు. పెదవి మరోసారి తుడుచుకుని, ఒకటో నిబంధన మళ్ళీ ఎత్తుకున్నాడు కూడా. సరిగ్గా అప్పుడు బావమరిది, ఐసు చల్లదనం తలకెక్కిందో ఏమో, మైకు దగ్గరే ముక్కు చీదాడు. ఆ ధ్వనిని వర్ణించడం మర్యాద కాదు. సుదీర్ఘమైనదనీ, రెండు విడతల్లో సాగిందనీ మాత్రం చెప్పవచ్చు. రెండో విడత ముగియగానే గది గదంతా ఘొల్లుమంది. లెక్కల మాస్టారు కూడా నవ్వాడు. నర్సుకైతే నవ్వి నవ్వి ఎక్కిళ్ళొచ్చాయి.

అద్దాలాయనకి ఆకుపచ్చ తునక మళ్ళీ పెదవి మీద పడ్డట్టయింది. ఏ రోత నుంచి పారిపోయి ఈ గది కట్టుకున్నాడో, ముప్ఫై ఒక్క తాళాలు వేసి, ఆ రోతనే తనతోపాటు లోపల పెట్టుకుని కూర్చున్నాడన్నమాట. ఇప్పుడు వీళ్ళంతా కలిసి తన మీద గంతులేస్తున్నారు. అదీ తాను ఇంకా చావకముందే.

"వినండి," అన్నాడు. "నలభై వారాలు మిమ్మల్ని మనుషుల్ని చెయ్యాలని చూశాను. ఛీ. మీకు గది ఎందుకు, ఒక బురదగుంట చాలు. ఇక ఈ గది ఉండదు. సెలవు."

బయటికి వెళ్ళే గుర్తు నొక్కాడు. రెండు గంటల యాభై ఎనిమిది నిమిషాలు.

ఫోను బోర్లా పెట్టి మంచం అంచున కూర్చున్నాడు. పక్కన ఉతికిన బట్టలు మడతపెడుతున్న భార్య తలెత్తింది.

"ఏమండీ, ఇవాళ ఇంత తొందరగా చచ్చారా?"

"చావలేదు. రాజీనామా చేశాను."

"దుకాణానికా?" ఆవిడ చేతిలో చొక్కా ఆగిపోయింది.

"గదికి."

"ఓస్, అదా," అని చొక్కా మడత పూర్తిచేసింది. "అయితే ఆ గదిప్పుడు ఎవరిది?"

"ఎవరిదీ కాదు. నేను లేకపోతే గదే లేదు."

ఇది ఆయన నిజంగానే నమ్మాడు. నలభై వారాలుగా దుకాణం షట్టరు దించే యజమానిలాగా, ఆఖరి మనిషిని సాగనంపిన తరవాతే ఆయన బయటికొచ్చేవాడు. తాను ముందు వెళ్ళిపోతే ఏమవుతుందో తెలుసుకునే అవసరం ఆయనకెప్పుడూ కలగలేదు. అధిపతి వెళ్ళిపోతే ఒకటో స్థానం, పసుపురంగు బటనుతో సహా, రెండో నంబరు వాడికి దానంతటదే సంక్రమిస్తుందన్న నియమం ఆట తయారుచేసినవాళ్ళు పెట్టారు. ఆయన ముప్ఫై ఒక్కటిలోనూ అది లేదు.

ఇక ఫోన్లు మొదలవుతాయి అనుకున్నాడు. మొదటి ఫోను ఎత్తకూడదు. రెండోదీ ఎత్తకూడదు. మూడోది మాస్టారిదైతే ఎత్తి, ఏమీ మాట్లాడకుండా వినాలి. బావమరిది కిందికి దిగొచ్చి క్షమాపణ చెప్పాలి, అదీ పదహారుమంది వినేట్టు, నోరు పుక్కిలించుకుని వచ్చి. నర్సుని పలాయితుల జాబితాలోంచి తీసెయ్యొచ్చు, పోనీ. మనసు ఆ మాత్రం మెత్తబడింది. ముప్ఫై రెండో నిబంధనకి వాక్యం కూడా కూర్చుకున్నాడు.

ఫోను బోర్లా అలాగే పడుంది. ఒకసారి తిప్పి చూశాడు, శబ్దం తగ్గించి ఉందేమోనని. లేదు.

అప్పుడు పైకప్పులోంచి టపటపమని వినిపించింది. తరవాత ఒక పేలుడు. బావమరిది గొంతు, "మాస్టారూ, కుడివైపు, కుడివైపు! నర్సమ్మా, కొట్టేశావు తల్లీ!" అని అరిచింది. దాని వెనకే ఐసుముక్క కటుక్కుమంది.

"మావాడు మొదలెట్టేసినట్టున్నాడే," అంది భార్య, తువ్వాలు దులుపుతూ.

అద్దాలాయన గోడ గడియారం వైపు చూశాడు. అది ఆగిపోయిందేమోనని ఫోను కూడా చూశాడు. రెండూ ఒకటే చెప్పాయి. సరిగ్గా మూడైంది.