ఖాళీ బిందెలో రాగం

మచ్చ బొల్లారంలో తెల్లవారగానే సుక్కమ్మ ఎవరితోనూ మాట కలపదు. దేవుడి పటానికి దండం పెట్టి, ఖాళీ బిందెలోకి ముఖం వంచి చిన్నగా ఒక రాగం తీస్తుంది. ముప్పై ఏళ్లుగా పద్యనాటకాల్లో రాణి వేషం కడుతున్న గొంతు ఈ పొద్దు ఎట్లున్నదో ఆ బిందె ఉన్నదున్నట్టు చెబుతుంది. ఈ మధ్య బిందె ముందు వంగాలంటేనే ఆమెకు భయం. పోయిన నెల శామీర్‌పేట జాతరలో పద్యం చక్కగానే ముగిసింది. ముందు వరుసలోంచి టీ కొట్టు షఫీయుద్దీన్ ఎప్పటిలాగే "వన్స్ మోర్!" అని కేకేశాడు. అలా అడిగితే మళ్లీ పాడి తీరాలి. అది ఆట మర్యాద. రెండోసారి పై స్థాయిలో గొంతు పుటుక్కున తెగింది. హార్మోనియం వాయించే ఆయన జాలిపడి స్వరం లాగి కప్పేశాడు గానీ, నాటక సమాజం పెద్ద మాత్రం, "మల్లొకపారి గిట్లయితే వేషం వేరేటామెకిస్త, సుక్కక్కా" అన్నాడు.

ఈ సాయంత్రం మేడ్చల్‌లో ఆట. ఆమె షఫీయుద్దీన్ కొట్టుకు పోయింది. అడగకముందే అతను మిరియాలు దంచి వేసిన టీ చేతికిచ్చాడు.

"ఇయ్యాల జల్దీ వచ్చి ముందట కూసుంట అక్కా. నా కేక బస్టాండు దాకా వినపడాలె!" అని నవ్వాడు.

సుక్కమ్మ గ్లాసు బల్ల మీద పెట్టింది.

"షఫీ తమ్మీ, ఇన్నేండ్ల సంది నువ్వు వన్స్ మోర్ అంటెనే నాకు కడుపు నిండేది. గా ఒక్కటి ఇయ్యాల అనకు. మొదటిపారికే ఉన్న గొంతంత పెట్టి పాడుత. అయిపోంగనే లేసి సప్పట్లు కొట్టు. నీ సప్పట్ల సప్పుడుల ఇంకెవ్వరి కేక నాకు వినపడొద్దు."