ఒర్తాన్స్ ఎందుకు పడుతుంది?

ఒర్తాన్స్ రంగస్థలం మీద పడిపోతుంది. ఆమె గురించి ఫ్రాన్సులోని లియోన్ నగరంలో ఎవరినడిగినా ముందు చెప్పే మాట ఇదే. రాణి వేషంలో సింహాసనం మెట్ల మీంచి పడింది. సన్యాసిని వేషంలో ప్రార్థన చేస్తూ పడింది. ఒక నాటకంలో శవంగా పడుకోవలసి ఉండగా, బల్లమీంచి దొర్లి పడింది.

"చచ్చాక కూడా కుదురు లేదయ్యా ఈవిడకి!" అని ముందు వరసలోంచి ఎవరో అరిస్తే, తెర దించేదాకా నవ్వులు ఆగలేదు.

ఆమె జీవితచరిత్ర రాస్తున్న తిబోకి అర్థంకానిదల్లా ఒకటే. బయట ఆమె తూలగా కూడా అతను చూడలేదు. డెబ్బై దాటిన వయసులో, మంచుపట్టిన మెట్లవీధిలో గుడ్లబుట్టతో గబగబా దిగిపోతుంది. వెనక కమ్మీ పట్టుకుని దిగే తిబోనే జారుతుంటాడు.

"మదామ్, అసలెందుకు పడతారు మీరు?"

"ఒళ్లు బరువు నాయనా."

"పిట్టంత ఉన్నారు!"

"అయితే బుర్ర బరువు. రాసుకో."

ప్రచురణకర్త మాత్రం పట్టుబట్టాడు. "ఆవిడ ఎందుకు పడుతుందో చెప్పని పుస్తకం ఎవడు చదువుతాడయ్యా? ఆ అధ్యాయం లేకపోతే అచ్చువెయ్యను." తిబో ఏళ్ల కష్టం అక్కడ ఆగిపోయింది.

దగ్గరనుంచి చూద్దామని అతను ఒక ప్రదర్శనకి పక్కతెర వెనక నిలబడ్డాడు. ఒర్తాన్స్ భర్త వేషం ముసలి అన్సెల్మ్‌ది. ఆయన చెయ్యెత్తాడు, నోరు తెరిచాడు, మాట రాలేదు. ఒర్తాన్స్ ఒక్క క్షణం ఆయన కళ్లలోకి చూసింది. పక్కనున్న కుర్చీని మోకాలితో నెట్టి, ఆయన కాళ్లదగ్గర ధబేలున కూలింది.

"పడింది! మళ్లీ పడింది!"

హాలంతా ఘొల్లుమంది. ఆ గోలలో, జనానికి వీపు పెట్టి లంగా సర్దుకుంటూ, ఆమె గుసగుసగా ఆయన మరిచిన మాట అందించింది. అన్సెల్మ్ ఆమెను లేవదీస్తూ అందుకున్నాడు. గొంతు ఖంగుమంది.

నాటకం అయ్యాక తిబో ఆమెను నిలదీశాడు. "అన్నిసార్లూ ఇందుకేనా? మరి శవం వేషంలో?"

"డాక్టరు వేషం వేసినవాడు నా నాడి పట్టుకుని, మాట మరిచి బిగుసుకుపోయాడు. లేచి చెప్పలేనుగా, చచ్చిపోయాను కదా!"

"మదామ్, ఇది రాస్తే..."

"రాస్తే రేపు అన్సెల్మ్‌కి ఎవడిస్తాడు వేషం? ఇంట్లో కూర్చోబెడితే ఆ మనిషి ఏమైపోతాడు? ఇంకేదన్నా రాయి."

తిబో తప్పంతా వేదిక మీదకి నెట్టాడు. పాత నాటకశాల కదా, నేల జనం వైపు వాలుగా ఉంటుంది. అందుకే పడుతోందని రాశాడు. ప్రచురణకర్త సంతోషించాడు. పుస్తకం వచ్చింది. అది చదివిన నాటకశాల యజమాని సిగ్గుపడి, వడ్రంగిని పిలిపించి నేలంతా చదును చేయించాడు.

కొత్త నాటకం మొదలైన రోజు వడ్రంగి కూడా తన పనితనం చూసుకుందామని పక్కతెర వెనకకి వచ్చి, తిబో పక్కన నిలబడ్డాడు. మొదటి అంకంలోనే అన్సెల్మ్ మాట ఆగింది. ఒర్తాన్స్ పడింది. హాలు ఘొల్లుమంది.

వడ్రంగి మొహం పాలిపోయింది. "అయ్యా, గోళీ పెడితే కదలదు! నా చేతులతో చదును చేశాను!"

అన్సెల్మ్ గొంతు మళ్లీ అందుకునేదాకా ఆగి, తిబో గంభీరంగా తలూపాడు.

"మీ తప్పేం లేదండీ. ఇన్నేళ్లూ వాలుకి అలవాటుపడిన కాళ్లు. చదునుగా ఉంటే ఎలా నిలుస్తాయి?"