ముందుగుమ్మం అత్త

ఊళ్లో అందరూ ఆమెను ముందుగుమ్మం అత్త అంటారు. ఆ పేరు ఊరికే రాలేదు, కడుపు మండితే వచ్చింది.

ఊరి పొలమంతా పెద్దింటి దొరది. దున్నేదీ నాటేదీ కౌలు రైతులు. అత్త ఆ పెద్దింటి వంటమనిషి. పెళ్లయిన కొన్నాళ్లకే మొగుడు పోతే ఆ వంటింట్లో చేరి, పొగకు కళ్లు మసకబారేదాకా గరిటె తిప్పింది. ఇన్నేళ్లలో ఒక్కసారైనా ముందు గుమ్మం తొక్కిందా? లేదు. పనివాళ్లంతా పెరటి గుమ్మంలోంచి రావలసిందే. ఆ పొట్టి గుమ్మం కట్టించిన మహానుభావుడెవరో గానీ, వంగకపోతే నెత్తి బొప్పి కట్టేది.

ఆ ఏడు పంట కోతకొచ్చాక దొర తన వాటా పెంచాడు. పాత వాటాకైతేనే కోస్తామని రైతులంతా ఒక్క మాట మీద నిలబడ్డారు. వాళ్లలో అత్త తమ్ముడూ ఉన్నాడు. దొర అగ్గిమీద గుగ్గిలమై, పై ఊళ్ల నుంచి లారీల్లో కూలీలను దింపాడు. వాళ్లు కొడవలి పెడితే పంటంతా దొర కొట్లోకి, రైతుల నోట్లో మట్టి.

"వీళ్లకు కడుపు నిండా పెట్టవే. తినగానే పొలంలోకి దిగుతారు," అని దొర పురమాయించాడు.

అత్త ఎసరు పెట్టింది. చేటలోకి బియ్యం తీసుకుంది. ఆ బియ్యం పండించింది ఎవరో ఆమెకు తెలియదా? చేట కింద పెట్టి, ఎసరు తీసి పొయ్యిలో కుమ్మరించింది. చేతులు తుడుచుకుని హాల్లోంచి నడిచి ముందు గుమ్మం దాటింది.

మెట్ల దగ్గర కుర్చీలో కూర్చున్న దొర నోరెళ్లబెట్టాడు. "ఎటునుంచి వస్తున్నావే? పెరటి గుమ్మం లేదూ?"

"వచ్చేటప్పుడు అటే వచ్చాను దొరా. పోయేటప్పుడు ఇటు పోతున్నాను."

అత్త వాకిట్లో కూర్చున్న కూలీల వైపు తిరిగింది. "నాయనలారా, ఇక్కడ పొయ్యి ఆరిపోయింది. మీరు కోయబోయేది మా తమ్ముడు వాళ్ల పంట. కొడవళ్లు ఇక్కడే పెట్టి మా వీధికి రండి, ఉన్నదేదో తిందాం."

వాళ్లలో ఓ ముసలాయన ముందుకొచ్చాడు. "మేమూ కౌలు చేసి చితికినవాళ్లమేనమ్మా," అంటూ తన కొడవలి మెట్ల మీద పెట్టాడు. తర్వాత ఒక్కొక్కరే లేచారు.

తమ్ముడి ఇంటి ముందు ఆ జనాన్ని చూసి మరదలు గుండె బాదుకుంది. "వదినా, ఇంతమందికి నేనెక్కడ వండను?"

"నువ్వొక్కదానివే ఎందుకు వండుతావే?" అంది అత్త. అప్పటికే వీధి వీధంతా పొయ్యిలు వెలుగుతున్నాయి.

ఆ పూట పెద్దింట్లో పొయ్యి వెలగలేదు, వెలిగించడం అక్కడెవరికీ చేతకాదు. ఆకలికి ఆగలేకే దొర పాత వాటాకు దిగివచ్చాడని ఇప్పటికీ చెప్పుకుని నవ్వుతారు. కూలీలు కోయకుండానే లారీలెక్కి తిరిగి వెళ్లడం చూసి దిగివచ్చాడన్నది అసలు సంగతి.

పంట ఇంటికొచ్చిన రోజు తమ్ముడు ఆటపట్టించాడు. "అక్కా, మన ఇంటికున్నది ఒకటే గుమ్మం. ముందుదనుకోవాలా, వెనకదనుకోవాలా?"

"నా తలకు తగలకుండా ఎత్తించు, ముందుదే అవుతుంది," అంది అత్త.

తమ్ముడు ఆ ఏడే ఎత్తించాడు.