కాగితం మూల రెండక్షరాలు

విశ్వవిద్యాలయం రిజిస్ట్రారు ఆఫీసులో టైపిస్టమ్మ పద్దెనిమిదేళ్లుగా రోజుకూలీ. ఎనిమిది వారాల్లో ఆవిడను పర్మనెంటు చెయ్యమని కోర్టు తీర్పిచ్చి పద్నాలుగు నెలలైంది. వచ్చే నెల దాటితే ఉద్యోగంలో చేరే వయసే దాటిపోతుంది. విశ్వవిద్యాలయం మాత్రం ఊరికే కూర్చోలేదు. తీర్పుకు అర్థమేమిటో తేల్చడానికి ఒక కమిటీ వేసింది. ఎనిమిది వారాలు ఎప్పటినుంచి లెక్కపెట్టాలో తేల్చడానికి ఇంకొకటి వేసింది. అంతమంది పండితులున్నచోట ఒక వాక్యం అర్థం కావడం అంత తేలికా మరి.

ఆ కమిటీల కాగితాలన్నీ కొట్టింది టైపిస్టమ్మే. ఆఫీసు మొత్తానికి టైపు వచ్చింది ఆవిడొక్కతికే.

"అమ్మా, ఇది కాస్త తొందరగా కొట్టిపెట్టు," అనేవాడు సూపరింటెండెంటు.

"ఏం కాగితం సార్?"

"నీకు ఉద్యోగం ఇవ్వడం కుదరదని."

"ఎన్ని కాపీలు?"

"మూడు."

అక్షరదోషాలు దిద్ది మరీ కొట్టేది. ఇంట్లో చెల్లెలు నెత్తి బాదుకునేది.

"నీ ఉరితాడు నువ్వే పేనుకుంటున్నావే అక్కా. పైగా ముడి గట్టిగా పడిందో లేదో చూసుకుంటున్నావు."

"తప్పులతడకగా కొడితే రేపు పర్మనెంటు అడిగే మొహం ఉంటుందే?"

చివరికి చెల్లెలి పోరు పడలేక కోర్టు ధిక్కారం కేసు వేసింది. రిజిస్ట్రారు స్వయంగా హాజరు కావాలంది కోర్టు. విచారణకు ముందురోజు సూపరింటెండెంటు ఆయన ప్రమాణపత్రం తెచ్చి టైపిస్టమ్మ బల్లమీద పడేశాడు. 'పిటిషనరు రెండేళ్లుగా పనిలోకి రావడం లేదు. ఎక్కడున్నదీ తెలియనందున తీర్పు అమలు చేయలేకపోయాము' అని ఉందందులో.

టైపిస్టమ్మ రెండుసార్లు చదివింది. కూర్చున్న కుర్చీని ఒకసారి తడిమి చూసుకుంది. తరువాత కొట్టింది. అడుగున ఎడమ మూల ఎప్పటిలాగే తన పొడి అక్షరాలు రెండూ, తేదీ వేసింది. అవి లేని కాగితం తన సంతకానికి రాకూడదని రిజిస్ట్రారే సర్క్యులరు ఇచ్చాడు. అదీ ఆవిడ కొట్టిందే. ఆయన చదవకుండా సంతకం పెట్టాడు. చదవడం కిందివాళ్ల పని.

మర్నాడు న్యాయమూర్తి చివరిదాకా చదివాడు.

"ఈ మూల రెండక్షరాలు, నిన్నటి తేదీ ఏమిటి?"

"మా టైపిస్టు గుర్తండీ. తప్పు జరిగితే ఎవరిదో తెలియాలని నేనే పెట్టించాను," అన్నాడు రిజిస్ట్రారు, కొంచెం గర్వంగానే.

"పిటిషనరు పొడి అక్షరాలు కూడా ఇవే. ఎక్కడున్నారో తెలియదన్నారుగా?"

రిజిస్ట్రారు వెనక్కి తిరిగాడు. చివరి బెంచీలోంచి టైపిస్టమ్మ లేచి, అలవాటు చొప్పున ఆయనకు నమస్కారం పెట్టింది.

"నాలుగింటికల్లా నియామకపు ఉత్తర్వు నా బల్లమీద ఉండాలి," అన్నాడు న్యాయమూర్తి. "లేదంటే మీరు జైల్లో ఉండాలి."

వరండాలోకి వచ్చి రిజిస్ట్రారు ఆఫీసుకు ఫోను చేశాడు.

"ఇప్పుడెలా సార్," అన్నాడు సూపరింటెండెంటు. "టైపిస్టమ్మ సెలవులో ఉంది. ఏదో కోర్టు పనుందంది."

రిజిస్ట్రారు తన కారు తలుపు తనే తీసి పట్టుకున్నాడు. టైపిస్టమ్మ ఎక్కింది.

పద్నాలుగు నెలల్లో రెండు కమిటీలకు సాధ్యం కానిది తొమ్మిది నిమిషాల్లో అయింది. సూపరింటెండెంటు చేతులు కట్టుకుని పక్కనే నిలబడ్డాడు.

"ఎన్ని కాపీలమ్మా?"

"నాలుగు సార్. ఒకటి మా చెల్లెలికి."