తెర వెనక ఎడంచేతి దొరలు

నా చిన్నప్పుడు మా ఇంట్లో నా ఎడం చేతికి పగవాళ్లు ఎక్కువ. ముద్ద ఆ చేత్తో ఎత్తితే నాయనమ్మ ఉరిమి చూసేది, బలపం ఆ చేత్తో పడితే మొట్టికాయ వేసేది. వచ్చే జనవరిలో నన్ను బళ్లో వెయ్యాలి. ఆ లోపల చెయ్యి మార్పించేస్తానని నాయనమ్మ వాడంతా చెప్పుకుంది. చెప్పుకున్నాక ఊరుకునే మనిషి కాదు. పాత చీర అంచు చింపి, అన్నానికి కూర్చున్నప్పుడల్లా నా ఎడం చేతిని నా నడుముకే కట్టేసేది.

కుడి చెయ్యేమో నా మాట వినేది కాదు. ముద్ద నోటి దాకా వచ్చేలోపల సగం గౌనుకీ, మిగతాది పిల్లికీ పోయేది. ఆ రోజుల్లో మా పిల్లి బాగా ఒళ్లు చేసింది, నేను చిక్కిపోయాను. చివరికి ఒకనాడు కంచం తోసేసి, అన్నమూ వద్దు బడీ వద్దు అని మంచం కింద దూరాను. నాయనమ్మ బెదిరించింది, బతిమాలింది, బెల్లం ముక్క చూపించింది. నేను రాలేదు. గుమ్మంలో నిలబడి అదంతా చూశాడు మా తాతయ్య.

మా తాతయ్య కచాంగ్ పుతే అమ్మేవాడు. అంటే వేయించిన శనగలూ పల్లీలూ కాగితం పొట్లాల్లో కట్టి అమ్మడం. మేముండే పాయా లేబర్ పేట అంటే ఇప్పుడు ఆఫీసులూ మాల్సూ గానీ, అప్పట్లో రేకుల ఇళ్లూ, కొబ్బరి చెట్లూ, వాటి మధ్య పైకప్పు లేని సినిమా ఒకటి ఉండేది. రెండు గుంజల మధ్య తెల్ల గుడ్డ కట్టి దాని మీద బొమ్మ వేసేవాళ్లు. ముందు వైపు కూర్చోవాలంటే టికెట్టు. వెనక వైపు ఊరికే చూడొచ్చు గానీ, దోమలు తప్ప పలకరించేవాళ్లు లేరు. మా తాతయ్య తట్ట పెట్టుకునేది ఆ వెనక వైపే, పొట్లం కావలసినవాళ్లు చుట్టూ తిరిగి వచ్చేవాళ్లు.

ఆయనకి ఒక ఇంగ్లండు దొర తీసే సినిమాలంటే ప్రాణం. ఆ దొర పేరు పలకడం ఈయనకి రాదు. రీలు తిప్పే మలాయ్ అంకుల్ "ఈ వారం మీ దొరదే" అని చెబితే చాలు, ఆ వారం శనగలు ఎక్కువ వేయించేవాడు. ఆ దొర ఒక రకానికి కట్టుబడే మనిషి కాదు. మొదట్లో నవ్వులాటలు తీశాడట. ఇతనికి అంతే వచ్చు అని జనం అనుకునేలోపల యుద్ధం తీశాడు, తర్వాత దెయ్యాలు, ఆ తర్వాత పాటలు, పెళ్లి కథలు. కొన్ని బొత్తిగా ఆడలేదు కూడా. ఆ బాగోగులన్నీ తాతయ్యకి శనగల్లోనే తెలిసేవి. దెయ్యం సినిమాకి జనం భయంతో గబగబా నమిలేసి ఇంకో పొట్లం అడుగుతారు. నవ్వుల సినిమాకి సగం ఒలకబోసుకుని మళ్లీ కొంటారు. ప్రేమ సినిమాకి ఇద్దరికీ కలిపి ఒకటే పొట్లం, అదీ అయిపోదు. యుద్ధానికి మాత్రం ఎవరూ నమలరు, నోళ్లు తెరుచుకుని చూస్తారు. "ఎంత నష్టపెట్టినా చెయ్యి తిరిగిన మనిషమ్మా" అనేవాడు.

నేను మంచం కింద దూరిన మర్నాడు తాతయ్య నన్ను తనతో తీసుకుపోయి తట్ట పక్కన పీట వేసి కూర్చోబెట్టాడు. ఆ రోజు యుద్ధం సినిమా. తెర నిండా ఇంగ్లీషు అక్షరాలు వచ్చాయి. అవి ఎటు తిరిగి వచ్చినా మా ఇద్దరికీ ఒకటే. తర్వాత ఒక పెద్ద సైనికాధికారి వచ్చి ఎడం చేత్తో సలాం కొట్టాడు! ఎడం చేత్తో సంతకం పెట్టాడు. అతని సైన్యమంతా ఎడం చేతివాళ్లే. నేను పీట మీద నుంచి లేచి నిలబడ్డాను.

"ఈ దొర ఎడం చేతివాళ్లకే వేషాలిస్తాడమ్మా" అన్నాడు తాతయ్య, మొహంలో నవ్వన్నదే లేకుండా.

"తాతయ్యా, ఆ దొరది కూడా ఎడం చెయ్యేనా?"

"ఆయన చెయ్యి నేను చూళ్లేదు. ఆయన పనే చూశాను."

ఆ వారం దెయ్యం సినిమాలో ముసలావిడ దీపం ఎడం చేత్తో పట్టుకుంది. నవ్వుల సినిమాలో లావాటాయన సూపు ఎడం చేత్తో తాగి మీసాలకి పూసుకున్నాడు. ఇంటికొచ్చి నాయనమ్మతో వాదించాను, అంతంత పెద్ద దొరలే ఎడం చేత్తో తింటుంటే నాకేమిటని. నాయనమ్మ పడుచుతనంలో ఒక దొర ఇంట్లో ఆయాగా పనిచేసింది. మర్యాదంటే దొరసానుల దగ్గరే నేర్చుకోవాలని రోజూ చెప్పే మనిషి. ముసలాయన పిల్లని చెడగొడుతున్నాడని తిట్టుకుంటూ, వక్కపలుకు బుగ్గన పెట్టుకుని తనే తెర వెనక్కి వచ్చి నా పక్కన కూర్చుంది.

ఆ పూట పెళ్లి సినిమా. దొరసాని వచ్చినవాళ్లందరికీ ఎడం చేత్తో టీ పోసింది. చర్చి పూజారి ఎడం చెయ్యెత్తి దీవించాడు.

"అయ్యో రాత! పూజారి కూడానా!" అంది నాయనమ్మ. "మా దొరసాని కుడి చేత్తోనే పోసేదే?"

"మీ దొరసానికి సినిమాలో వేషం ఇచ్చారా ఎవరైనా?" అన్నాడు తాతయ్య.

ఇంటికొచ్చాక చీర అంచు దండెం మీదే ఉండిపోయింది. నేను ఎడం చేత్తో కంచం ఖాళీ చేశాను. జనవరిలో బడికి కూడా ఎడం చేత్తోనే వెళ్లాను.

కొన్నేళ్లకి పక్కింటి అక్క నాకూ టికెట్టు కొని మొదటిసారి ముందు వైపు కూర్చోబెట్టింది. అదే దొర సినిమా. చూస్తే అందరూ కుడి చేతివాళ్లే! నేను కంగారుపడలేదు. అన్ని రకాలూ తీసే మనిషి కదా, ఇప్పుడు కుడి చేతివాళ్లకీ ఒకటి తీశాడు కాబోలు అనుకున్నాను. ఆ మాట అక్కతో అంటే, ఆవిడ నవ్వలేక బెంచీ పట్టుకుంది. తెర వెనక నుంచి చూస్తే బొమ్మలో కుడి ఎడమగా తిరగబడుతుందని అప్పుడు చెప్పింది.

ఏడుపు మొహంతో ఇంటికొచ్చి, తాతయ్య మనల్ని మోసం చేశాడని నాయనమ్మకి చెప్పాను. నాయనమ్మ వక్క కత్తిరించడం ఆపలేదు.

"నాకు ఆ రోజే తెలుసే. ఆయన తట్ట ఏ పక్కనుంటుందో నాకు తెలీదూ?"

"మరి చీర అంచు మళ్లీ కట్టలేదేం?"

"నువ్వు ఆ పూట మారు అన్నం అడిగావు" అంది. ఇంకో వక్క చేతిలోకి తీసుకుని, "ఆ ముసలాయన నీ కోసం అన్ని అబద్ధాలాడుతుంటే నేనొక్కదాన్నీ నిజం పట్టుకుని ఏం చేసుకోను?" అంది.

ఇప్పుడు పాసిర్ రిస్‌లో మా అమ్మాయి ఫ్లాట్‌లో ఉంటున్నాను. మొన్న టీవీలో ఆ యుద్ధం సినిమా వస్తే మనవరాలిని పిలిచి, చూడవే అందరూ ఎడం చేతివాళ్లే అన్నాను. అది తలెత్తి చూసి, "నో లా అమ్మమ్మా, ఆల్ రైట్ హ్యాండ్!" అంది, ఇక్కడి పిల్లల ఇంగ్లీషులో. నువ్వు కూర్చున్న పక్క మంచిది కాదు, వెనక నుంచి చూడు అన్నాను. పిచ్చిపిల్ల నిజంగానే వెళ్లి టీవీ వెనక తొంగిచూసింది.

పిల్లలు ఏదైనా తప్పు చేశారని ఇంట్లో పంచాయితీ పెడితే నేను ముందు వాళ్ల కంచం వంక చూస్తాను, తిన్నారా లేదా అని. ఆ చూపు నాయనమ్మది. తినకపోతే ఒక అబద్ధం అల్లి పక్కన పీట వేసుకుంటాను. అది మాత్రం తాతయ్యదే. అన్నం వడ్డించేది, అప్పుడూ ఇప్పుడూ, ఎడం చేత్తోనే.