వంతెన మీద ఆగిన గుర్రం

ముందు ఫ్యాను హోరు వినిపించింది. డబ్బాలో చిక్కిన తేనెటీగల్లా కంప్యూటరు లోపల రొద పెరిగి పెరిగి, ఒక్కసారిగా తెగిపోయింది. వెంటనే ఒక మగగొంతు.

"మళ్లీ పోయింది! మాడ్, మాడ్ అంటూ ఆటంతా మాడ్చేశావు కదే!"

నేను తట్టగానే తలుపు తీసింది దర్జీ అక్క. మెడలో టేపు, పెదవుల మధ్య గుండుసూది.

"రా తమ్ముడూ. మీ బావ తిట్లు వింటూ కూర్చో."

బావ లారీ డ్రైవరు. కాలు విరిగి మంచాన పడ్డాక ఎవరితోనూ మాట్లాడకుండా గోడవైపు తిరిగి పడుకునేవాడు. అప్పుడు అక్క ఈ ఆట తెచ్చింది. కొండలూ అడవులూ ఉన్న నేల, గుర్రమెక్కి ఎటైనా పోవచ్చు. ఎవరెవరో తయారుచేసి పంచే అదనపు హంగులు, మాడ్‌లు, అందులో ఒక్కొక్కటే చేర్చింది. ఒత్తయిన గడ్డి, వంతెనకు కొత్త రాతిగోడ, ఆ గోడకు పూలతీగలు. ఇప్పుడు గుర్రం వంతెనెక్కగానే ఆట ఆగిపోతోంది.

"ఇంకోసారి ఆగిందంటే దీని మొహం చూడను," అన్నాడు బావ.

"అన్నంత పనీ చేస్తాడు. మళ్లీ గోడవైపు తిరిగి పడుకోవడమే," అని గొణిగింది అక్క.

గడ్డి పలచన చేసింది. ఫ్యాను రొద చల్లబడింది, గుర్రం నడక సాఫీ అయింది. వంతెన మాత్రం లొంగలేదు. మాడ్‌లలో సగం తీసి చూసింది, మిగతా సగం పెట్టి చూసింది. పొగమంచులో దారి వెతికేవాళ్లలా కళ్లు చిట్లించి, చివరికి పకపకా నవ్వింది.

"నా బుద్ధి పాడుగాను! కొట్లో మంచి జాకెట్లు ముందు తగిలిస్తాం కదా, ఆ అలవాటుతో తీగల్ని మాడ్‌ల జాబితాలో పైన పెట్టేశాను. పైన ఉన్నదే ముందు ఆటలోకి ఎక్కుతుందట. గోడ ఇంకా రాకముందే తీగ దేన్ని పట్టుకుని పాకుతుంది, పాపం? లైనింగ్ లేకుండా కోటు కుట్టినట్టుంది!"

గోడను పైకి జరిపింది, తీగల్ని దాని కిందకు.

"ఏవండీ, ఎక్కండి."

"ఆగితే?"

"ఆగితే నన్ననండి, గుర్రాన్నేం అనకండి."

బావ దిండు మీంచి లేచి కూర్చున్నాడు. గిట్టల చప్పుడు రాతి మీదికి మారింది. పూలు ఊగాయి. నది కింద మెరిసింది. వంతెన సగం దాటింది, ముప్పావు దాటింది. అవతలి గట్టెక్కింది. అక్కడ మట్టిదారి రెండుగా చీలింది.

ఎటు తిప్పుతారని అడగబోయాను. అక్క నా మోచేయి పట్టుకుంది.

"ష్... అడక్కు తమ్ముడూ. అవతల ఏముందో నాకూ తెలీదు."